కుడి చెవి

బ్యోన్ సోహ్వా కత్తి పట్టుకున్న తీరు చూసి ఆల్చిప్పలు ఒలిచే ఆడవాళ్ళు ముసిముసిగా నవ్వుకున్నారు. దేశంలో ఎవరైనా గుర్తుపట్టే సినిమా తార ముఖం ఆమెది. ఈ వేషం కోసం నెల రోజులుగా సియోల్‌లో తన వంటింట్లోకే పెట్టెలకు పెట్టెలు తెప్పించుకుని ఒలిచి చూసుకుంది. తీరా తోంగ్‌యోంగ్ రేవు పక్కన ఈ షెడ్డులో, ఇనుప బల్ల మీద ఛాతీ ఎత్తున పోసిన ఆల్చిప్పల గుట్ట ముందు నిలబడేసరికి చేతులు కొయ్యబారిపోయాయి.

"అట్టా పొడవకమ్మా, అదేమన్నా పందా?" అంది పక్కనున్న పిల్‌నామ్. "కీలు ఎక్కడుందో ముందు వేలితో వెతుక్కో. దొరికిందా? అక్కడ కత్తి మొన ఆనించి మణికట్టు తిప్పు. చెయ్యంతా కాదు, మణికట్టు."

సోహ్వా తిప్పింది. చిప్ప పెంకు విరిగి ఎగిరి ఆమె చెంపకు తగిలింది.

"ఫరవాలేదు. కంట్లో పడలేదుగా. మొదటి వారం అందరికీ అంతే."

పిల్‌నామ్‌కు అరవై ఏడేళ్ళు. ముప్పై అయిదు చలికాలాలుగా ఇదే బల్ల దగ్గర నిలబడుతోంది. రబ్బరు ఏప్రాన్, మోకాళ్ళ దాకా బూట్లు, నూలు గ్లవుజుల మీద రబ్బరు గ్లవుజులు. ఆమె చేతిలో చిప్ప ఎప్పుడు తెరుచుకుందో, కండ ఎప్పుడు బకెట్లో పడిందో కంటికి అందదు. ఖాళీ చిప్ప బల్ల కింద పడ్డ చప్పుడు మాత్రం వినిపిస్తుంది. తెర మీద సోహ్వా చేతులు దగ్గరగా చూపించాల్సినప్పుడల్లా అవి పిల్‌నామ్ చేతులే అవుతాయి. ఆ ఏర్పాటు ఆమెకు మహా సరదాగా ఉంది. "మొహం ఆవిడది, చేతులు నావి. ఇద్దరం కలిస్తే గానీ ఒక మనిషి కాలేదు చూడు," అని పొద్దుట్నుంచి వచ్చినవాళ్ళకూ పోయినవాళ్ళకూ చెబుతోంది.

ఈ సినిమా రాసిందీ తీస్తున్నదీ కూ మ్యోంగ్‌రాన్. యాభై ఒక్కేళ్ళ మనిషి. కెమెరామన్ పక్కన నిలబడి, ఎక్కణ్ణుంచి చూస్తే సోహ్వా ముఖమూ పిల్‌నామ్ చేతులూ అతుకు తెలియకుండా కలుస్తాయో కొలుచుకుంటోంది. అసలు చిత్రీకరణ ఎల్లుండి శనివారం. షెడ్డు యజమాని పని ఆపడానికి ఒప్పుకోలేదు. అందుకని రిహార్సలు పని జరుగుతుండగానే బల్ల చివర చేసుకుంటున్నారు.

"ఏం చేపగుడ్లమ్మా, డైరెక్టరువయ్యాక కత్తి ముట్టుకోవా?" అని అరిచింది ఎదుటి వరసలోంచి కోసోంగ్ ఊరి ఆమె. ఉప్పులో ఊరేసిన చేపగుడ్లనూ మ్యోంగ్‌రాన్ అనే అంటారు. రెండేళ్ళ కిందట మ్యోంగ్‌రాన్ ఈ కథ రాసుకోవడానికి వచ్చి, ఇదే బల్ల దగ్గర నలభై రోజులు కూలికి నిలబడ్డప్పుడు ఆ పేరు పెట్టింది కోసోంగ్ ఆమే.

"ముట్టుకుంటే మళ్ళీ మీరే నా వేళ్ళకు కట్లు కట్టాలి."

"కట్లు కట్టింది నేను కాదు, యోక్‌జి అక్క," అంది కోసోంగ్ ఆమె పిల్‌నామ్ వైపు చూపిస్తూ. పిల్‌నామ్ పుట్టింది యోక్‌జి దీవిలో. షెడ్డులో ఆమెను అసలు పేరుతో పిలిచేవాళ్ళు లేరు. ఆమె ఆ మాట వినలేదు. కోసోంగ్ ఆమె నిలబడింది కుడివైపు. పిల్‌నామ్‌కు కుడి చెవి వినపడదు. చిన్నప్పుడు జ్వరం వచ్చి పోయిందని చెబుతుంది. ఆమెతో పనిపడ్డవాళ్ళు చుట్టూ తిరిగి ఎడమవైపుకు వస్తారు.

మధ్యాహ్నం భోజనానికి నిర్మాత మెంగ్ గ్యుసిక్ వచ్చాడు. సినిమా బళ్ళో మ్యోంగ్‌రాన్‌కు రెండేళ్ళు జూనియరు. రేవు ఎదుట కొట్లో ఇద్దరూ ఆల్చిప్పల పులుసన్నం తెప్పించుకున్నారు. గిన్నెలు రాకముందే అతను సంచీలోంచి పోస్టరు నమూనా తీసి బల్ల మీద పరిచాడు. సముద్రం, షెడ్డు, సోహ్వా ముఖం. కింద చిన్న అక్షరాల్లో పేర్లు. మ్యోంగ్‌రాన్ ఎప్పుడైనా ముందు చదివేది ఆ చిన్న అక్షరాలే.

రచన: చాంగ్ ఇల్‌హో, కూ మ్యోంగ్‌రాన్.

"చాంగ్ రాసింది పన్నెండు పేజీలు. అందులో తొమ్మిది నేను మళ్ళీ రాశాను," అంది.

"నాకు తెలీదా డైరెక్టర్ గారూ? కానీ హాళ్ళవాళ్ళకు తెలిసింది చాంగ్ పేరు. అక్షరక్రమం అనుకోండి, పోయేదేముంది."

"అక్షరక్రమంలో క ముందు."

మెంగ్ నవ్వేశాడు. ఆమె నవ్వకపోవడం చూసి చెంచాతో పులుసు కలుపుతూ కూర్చున్నాడు.

"మూడు సినిమాలకు పేరు లేకుండా రాశాను," అంది మ్యోంగ్‌రాన్. గొంతు పెంచలేదు. "ప్రతిసారీ ఈ ఒక్కసారికి ఊరుకో, తర్వాతి దానికి నీ పేరే అన్నారు. అందులో రెండుసార్లు అన్నది నువ్వే. నువ్వన్న తర్వాతిది ఇదే మెంగ్."

"ముందెవరు, వెనకెవరు అన్నదే కదా."

"అంతే అయితే నన్ను ముందు వెయ్యి."

శనివారం దాకా ఆలోచిద్దామన్నాడు అతను. పోస్టరు మడత పెట్టి, పులుసు చల్లారకముందే తినమని తొందరపెట్టాడు. ఆమె సగం తిని లేచింది.

షెడ్డుకు తిరిగొచ్చేసరికి సోహ్వా సిద్ధంగా ఉంది. పెద్ద సీనులో మాటలన్నీ ఒకసారి చేతులు ఆడిస్తూ చెప్పుకుంటానంది. అవి ఏడు నిమిషాల మాటలు. ఇంకెవరూ మాట్లాడరు. ఈ సినిమా చేస్తానని ఆమె ఒప్పుకుంది ఆ ఏడు నిమిషాలు చదివాకే. పెట్టుబడి సంస్థవాళ్ళు చదివి డబ్బు పెట్టిందీ వాటి కోసమే. సోహ్వా పిల్‌నామ్‌కు కుడివైపు నిలబడింది. వెలుతురు అటునుంచి వస్తోంది కాబట్టి కెమెరామన్ అక్కడ నిలబెట్టాడు.

ఆమె మొదలుపెట్టింది. ఏడవలేదు, గొంతు మార్చలేదు. చిప్ప తర్వాత చిప్ప అందుకుంటూ, పక్కింటావిడకు కూర వండే విధానం చెబుతున్నట్టు చెప్పింది.

"మా ఆయన వెళ్ళిన పడవ రాలేదన్నారు. ఊళ్ళో ఆడవాళ్ళంతా వచ్చి నా చుట్టూ కూర్చుని ఏడ్చారు. వాళ్ళు ఏడుస్తుంటే బాగుండదని నేనూ ఏడ్చాను. ఈ కుడి చెవి పోయింది ఆయన చేతిలోనే. పులుసు చల్లారిందని కొట్టాడు. జ్వరంతో పోయిందని చెప్పుకున్నాను. ఆడవాళ్ళు వెళ్ళిపోయాక తలుపు గడియ వేశాను. ఇక ఈ తలుపు ఎవరూ తన్నరని అప్పుడు తట్టింది నాకు. ఆ రాత్రి నిద్రపోయాను. పదకొండేళ్ళ కాపురంలో మొదటిసారి కాళ్ళు బారజాపుకుని, పొద్దెక్కేదాకా..."

షెడ్డులో చిప్పలు పడే చప్పుడు ఎప్పుడూ ఆగదు. ఇరవై మంది చేతుల కింద వాన కురుస్తున్నట్టే ఉంటుంది. ఆ వాన ముందు ఎదుటి వరసలో సన్నబడింది. తర్వాత వెనక. చివరికి రెండు జతల చేతులే ఆడుతున్నాయి. ఒకటి సోహ్వావి, ఒకటి పిల్‌నామ్‌వి.

పిల్‌నామ్ తలెత్తింది. అందరూ తననే చూస్తున్నారు.

"ఏంటే?" అంది. "ఏమంది ఆవిడ?"

సోహ్వా ఆగిపోయింది.

"కోసోంగ్, నిన్నేనే. ఏమంది?"

కోసోంగ్ ఆమె మ్యోంగ్‌రాన్ వైపు ఒకసారి చూసింది. ఆ చూపులో కోపం లేదు, ఏం చెయ్యమంటావని అడగడమే ఉంది. కోసోంగ్ ఆమె బల్ల చుట్టూ తిరిగి వచ్చి, పిల్‌నామ్ ఎడమ చెవి దగ్గర వంగింది. చాలాసేపు చెప్పింది. చెబుతున్నంతసేపూ పిల్‌నామ్ చేతిలో కీలు దొరికించుకున్న చిప్ప ఒకటి అలాగే ఉంది.

విన్నాక ఆ చిప్ప తెరిచింది. కండ బకెట్లో వేసింది. కత్తి బల్ల మీద పెట్టి, పైగ్లవుజులు విప్పి, లోపలి నూలు గ్లవుజులు విప్పి, రెండు జతలూ ఏప్రాన్ జేబులో కుక్కుకుంది.

"ఇవాళ్టికి చాలు నాకు," అంది, ఎవరితోనూ కాకుండా.

కూలి కట్టే తూకం వేయించుకోకుండా ఆమె వెళ్ళిపోవడం ఆ షెడ్డులో ఎవరూ చూడలేదు. సగం నిండిన బకెట్ అక్కడే ఉండిపోయింది. ఆడవాళ్ళు ఒక్కొక్కరే మళ్ళీ చిప్పలు అందుకున్నారు.

"నేనేమైనా తప్పు చెప్పానా?" అని అడిగింది సోహ్వా.

"లేదు," అంది మ్యోంగ్‌రాన్. "చాలా బాగా చెప్పారు."

*

మర్నాడు పిల్‌నామ్ పనిలోకి రాలేదు. పది గంటలకు మ్యోంగ్‌రాన్ కొండ మీదికి మెట్లెక్కి వెళ్ళింది. దారిలో కట్టెదుట కనిపించిన ప్రతి ఇంటి ముందూ ఆల్చిప్పల పెంకులు పోగులు పడి ఉన్నాయి. పిల్‌నామ్ డాబా మీద ఉంది. కడుపు చీల్చి కడిగిన కాడ్ చేపలు నాలుగు తొట్టిలో ఉన్నాయి. వాటిని ఎండకు వేలాడదీయడానికి పీలికతాళ్ళు సిద్ధం చేసుకుంటోంది.

మ్యోంగ్‌రాన్ ఆమెకు ఎడమవైపు వెళ్ళి నిలబడింది.

"ఏ చెవి దగ్గర నిలబడాలో గుర్తుందే నీకు," అంది పిల్‌నామ్, తల తిప్పకుండా.

"అక్కా, నేను పేర్లు మార్చాను. దీవి పేరు మార్చాను. పడవ కూడా—"

"చెవి మార్చలేదే?"

"మార్చలేదు."

"ఎందుకని?"

"బాగుందని."

"ఏం బాగుంది? చెవుడా?"

"అది ఉంటే జనం నమ్ముతారని."

పిల్‌నామ్ తాడు ముడి బిగించి పళ్ళతో కొస తెంపింది. "నేను నీకు కథ చెప్పలేదమ్మాయ్. చేతులు పనిలో ఉన్నాయి, నోరు ఊరికే ఉంది. పక్కనేమో పట్నం మనిషి. పని చేతకాక వేళ్ళు కోసుకుని నెత్తురు చూసి తెల్లబోతోంది. నీ దృష్టి మళ్ళిద్దామని ఏదో మాట్లాడాను. ఎప్పుడూ ఎవరికీ చెప్పనిది నీకెందుకు చెప్పానో నాకే తెలీదు. రేపో మాపో పోయేదానివి గదా అనుకున్నానేమో. నువ్వు బసకు పోయి రాసుకున్నావు."

మ్యోంగ్‌రాన్ రాసుకున్నది బసకు వెళ్ళాక కాదు. మరుగుదొడ్డికని చెప్పి వెళ్ళి, కట్టు కట్టిన వేళ్ళతో అరచేతిలో రాసుకుంది. ఆ మాట పైకి అనలేదు.

"షెడ్డులో వాళ్ళకు తెలిస్తే తెలిసింది," అంది పిల్‌నామ్. "నాలుగు రోజులు చెవులు కొరుక్కుంటారు, అయిదో రోజు నాకే కాఫీ కలిపి తెస్తారు. మా మిహ్యాంగ్ సంగతే. వాళ్ళ నాన్న పోయేనాటికి దానికి తొమ్మిదేళ్ళు. ఆయన పోయి ముప్పై ఆరేళ్ళయినా ఆయనంటే దానికి ప్రాణం. తిథి వస్తే చాంగ్‌వొన్ నుంచి ఆయనకిష్టమని చేపల అట్లు పోసి పట్టుకొస్తుంది. నాన్న నన్ను భుజాల మీద ఎక్కించుకుని రేవుకు తీసుకెళ్ళేవాడు కదమ్మా అంటుంది. అదీ నిజమే. ఎక్కించుకునేవాడు. ఇప్పుడు అమ్మ చేతులు సినిమాలో పడ్డాయంటే చూడకుండా ఉంటుందా? పనిచేసే బడివాళ్ళందరినీ వెంటేసుకుని మరీ పోతుంది."

"తీసేస్తాను అక్కా."

"నీ ఇష్టం. సినిమా నీది." ఆమె తొట్టిలోంచి పెద్ద చేపను తోక పట్టి ఎత్తింది. "ఊరికే నిలబడకపోతే ఆ తల పట్టుకో. జారుతుంది, దవడ దగ్గర పట్టుకో."

మ్యోంగ్‌రాన్ పట్టుకుంది. నాలుగు చేపలూ ఇద్దరూ కలిసి వేలాడదీశారు.

కిందికి దిగి, రేవు ముందున్న కాఫీ కొట్లో మెంగ్‌ను కలుసుకుంది. అతను నిన్నటి పోస్టరు గురించి అనుకుని, చెప్పాల్సినవన్నీ సర్దుకుని కూర్చున్నాడు. ఆమె పెద్ద సీను తీసేస్తానంది. అతనికి అర్థం కావడానికి కొంతసేపు పట్టింది.

"సోహ్వా గారు ఒప్పుకుందే ఆ ఏడు నిమిషాల కోసం!"

"తెలుసు."

"బదులేం పెడతారు?"

"పడవ రాలేదని కబురు తెస్తారు. ఆమె ఒలుస్తూనే ఉంటుంది. అంతే."

"మాటలు?"

"లేవు."

మెంగ్ కుర్చీలో వెనక్కి ఆనుకున్నాడు. "నిజం చెప్పండి, ఆ ముసలావిడ కేసు వేస్తానందా?"

"లేదు. చేప పట్టుకోమంది."

అతను ఆమె ముఖంలోకి చూశాడు. వెక్కిరింత కాదని తెలుసుకుని కాఫీ కప్పు పక్కకు జరిపాడు. "డైరెక్టర్ గారూ, కోపం తెచ్చుకోకండి. మీరు పద్నాలుగేళ్ళ కిందట ఒక సినిమా తీశారు. గొప్ప సినిమా. తొమ్మిది వేల మంది చూశారు. ఇప్పుడు మీరెళ్ళి, అమ్మా నీ ఏడు నిమిషాలు కొట్టేశాను, నోరు మూసుకుని చిప్పలు ఒలుచుకో అంటే, ఆవిడ సాయంత్రం బండికి సియోల్ వెళ్ళిపోతుంది. చాంగ్ చెబితే వింటుంది. అతనితో మూడు చేసింది."

ఇద్దరూ కిటికీలోంచి బయటికి చూశారు. పడవలోంచి ఆల్చిప్పల గుత్తులు క్రేనుతో దించుతున్నారు. నీళ్ళు కారుతున్నాయి.

"చాంగ్ రాశాడని చెబుదాం," అన్నాడు మెంగ్ మెల్లగా. "ఆఖరి నిమిషంలో అతనికి ఈ ఆలోచన వచ్చిందందాం. కానీ ఆవిడ పిచ్చిది కాదు. స్క్రిప్టు మొత్తం ఆయన తన చేతిలోకి తీసుకున్నాడంటేనే నమ్ముతుంది. కాగితాల మీదా అలాగే ఉండాలి. చాంగ్ కూడా, పేరు ఇవ్వకుండా ఊరికే అబద్ధమాడమంటే ఆడడు."

"అంటే రచన చాంగ్ ఒక్కడిదే," అంది మ్యోంగ్‌రాన్.

"దర్శకత్వం మీదే. దాన్ని ముట్టుకునేదెవరు?"

నిన్న ఇదే మనిషితో ముందూ వెనకా గురించి వాదించింది. ఇవాళ ఆ వరసే లేదు. తనకు కోపం వస్తుందేమోనని మ్యోంగ్‌రాన్ కాసేపు ఎదురుచూసింది. రాలేదు. డాబా మీద పట్టుకున్న చేపల వాసన మాత్రం తన కోటులోంచి వస్తోంది.

"నాకూ ఒకటి రాసివ్వాలి," అంది. "ఆ మాటలు ఈ సినిమాలో ఎక్కడా రాకూడదు. ఎడిటింగులో తెచ్చి కలపకూడదు, ప్రచారానికి వాడకూడదు. చాంగ్ ఎప్పటికీ వాటిని ఇంకో సినిమాలో పెట్టకూడదు. చెవి కూడా."

"చెవి కూడానా?"

"చెవి ముందు రాయి."

కాగితం అక్కడే రాసుకున్నారు. ఒక్కో వాక్యం ఆమె రెండుసార్లు చదివింది. సంతకం పెట్టడానికి పట్టిన సమయం, చిప్ప ఒలవడానికి పిల్‌నామ్‌కు పట్టే సమయం కంటే ఎక్కువేమీ కాదు. మెంగ్ గట్టిగా ఊపిరి వదిలి, తేనె పూసిన ఉండలు ఒక పళ్ళెం తెప్పించాడు. ఒక్కడే తిన్నాడు.

మధ్యాహ్నమంతా ఆమె బసలో కూర్చుని కొత్త సీను రాసింది. పేజీన్నర వచ్చింది. సోహ్వా ఏం మాట్లాడుతుందో రాసే చోటు పై నుంచి కింది దాకా ఖాళీగా ఉంది. చాంగ్ ఇల్‌హో పేరు మీద అది సోహ్వా గదికి వెళ్ళింది.

*

శనివారం పొద్దున్న మ్యోంగ్‌రాన్ వచ్చేసరికి పిల్‌నామ్ బల్ల దగ్గర ఉంది. ఏప్రాన్ కట్టుకుని, తన కత్తిని రాయి మీద నూరుకుంటోంది. కోసోంగ్ ఆమె కాగితపు కప్పులో పాలపొడి కాఫీ కలిపి తెచ్చి ఆమె ఎడమచేతి పక్కన పెట్టింది.

"అయిదో రోజు దాకా పట్టలేదు," అంది పిల్‌నామ్ మ్యోంగ్‌రాన్‌తో, కప్పు ఎత్తుకుంటూ.

సోహ్వా పేజీన్నర చేత్తో పట్టుకుని వచ్చింది. బూట్లు తొడుక్కుని, జుట్టుకు గుడ్డ కట్టుకుని, నిన్నంతా గదిలో ఒలుచుకున్నానని పిల్‌నామ్‌కు చేతులు చూపించింది. పిల్‌నామ్ ఆ చేతుల్ని తిప్పి చూసి, "ఫరవాలేదు, ఇప్పుడు కాస్త మా చేతుల్లా ఉన్నాయి," అంది.

మూడుసార్లు తీశారు. మూడింట్లోనూ ఏదో అమరలేదు. కబురు తెచ్చే మనిషి మొదటిసారి తొందరపడింది, రెండోసారి తడబడింది. మూడోసారి షెడ్డు బయట లారీ మోగింది. నాలుగోసారి అన్నీ కుదిరాయి. తలుపు దగ్గర నిలబడి, పడవ రాలేదట అని ఆ మనిషి చెప్పింది. సోహ్వా తల తిప్పి ఆమెను చూసింది. మళ్ళీ బల్ల వైపు తిరిగింది. ఒక చిప్ప ఒలిచింది. ఇంకొకటి. ఇంకొకటి అందుకుని, వేలితో కీలు వెతికి, కత్తి మొన ఆనించి ఆగింది. ఆ చిప్పను తెరవకుండా, పగలకుండా, గుట్ట మీద వెనక్కి పెట్టింది. పక్కనున్న వేరే చిప్ప తీసుకుని ఒలవడం మొదలుపెట్టింది.

అది కాగితం మీద లేదు. కట్ చెప్పడం మ్యోంగ్‌రాన్ మరిచిపోయింది. సోహ్వా ఇంకో ఆరు చిప్పలు ఒలిచాక గుర్తొచ్చి చెప్పింది.

సోహ్వా గ్లవుజులు విప్పుకుంటూ ఆమె దగ్గరికి వచ్చింది. "చాంగ్ రాశాడన్నారు."

"అవును."

"మూడు సినిమాలు రాశాడు నాకు. ఒక్కదాంట్లోనూ నన్ను రెండు నిమిషాలు నోరు మూసుకోనివ్వలేదు." ఆమె మ్యోంగ్‌రాన్‌ను కాసేపు చూసింది. "సరే. నేనెవర్నీ ఏమీ అడగను లెండి," అని, బొటనవేలు దగ్గర తెగిన చోట మందు రాయించుకోవడానికి వెళ్ళింది.

చేతుల షాట్లకు దీపాలు మార్చడానికి అరగంట పడుతుందన్నారు. మ్యోంగ్‌రాన్ దుస్తులు మార్చుకునే గదిలోకి వెళ్ళింది. నూనె పొయ్యి మీద ఎవరో చిలగడదుంపలు పెట్టారు. పొయ్యి పక్కన పిల్‌నామ్ ఒక్కతే కూర్చుని ఒక దుంప తొక్క తీస్తోంది.

"ఇంతకీ నా మాటలు ఎప్పుడు చెబుతుంది ఆవిడ?" అని అడిగింది.

మ్యోంగ్‌రాన్ ఎడమవైపు వచ్చి కూర్చుంది. "చెప్పదక్కా. తీసేస్తానన్నానుగా. తీసేశాను."

"తీసేశావా!" పిల్‌నామ్ చెయ్యి ఆగింది. "నిజంగానే?"

"నిజంగానే."

"అందరూ అలాగే అంటారు, తర్వాత ఉంచేస్తారనుకున్నా. నేను దానికి చెప్పేశానే మరి."

"ఎవరికి?"

"మిహ్యాంగ్‌కి. నువ్వు చేపలు వేలాడదీసి పోయాక ఫోన్ చేశా. తెర మీద చూసి తెలుసుకునేకంటే నా నోట వింటేనే నయమనిపించింది. వంటింట్లో నిలబడి చెప్పేశా, మొత్తం."

మ్యోంగ్‌రాన్‌కు కాఫీ కొట్లో కాగితం కళ్ళ ముందు కదిలింది. నిన్న పిల్‌నామ్ ఫోన్ ఎత్తిన వేళకు దాని మీద సిరా ఆరి ఉంటుందో లేదో. పొయ్యిలో నూనె గుటగుటమంది. దానికోసం తన పేరు వదులుకున్న సంగతి చెప్పడం వల్ల ఇప్పుడు ఎవరికీ ఏమీ ఒరగదు. చెప్పలేదు.

"తీసేసిందే నయంలే," అంది పిల్‌నామ్, దుంప నోట్లో పెట్టుకుని. "ఆవిడ ఇందాక చేసింది చూశా. అట్టాగే ఉంది. ఆ రోజు నేనెవరితో మాట్లాడాను గనక?"

"మిహ్యాంగ్ ఏమంది అక్కా?"

"చాలాసేపు ఏమీ అనలేదు. ఫోన్ తెగిపోయిందేమోననుకుని, వింటున్నావా అన్నా. వింటున్నానంది. తర్వాత అందీ..." పిల్‌నామ్ దుంపను ఒళ్ళో పెట్టుకుంది. "'అమ్మా, ఆ రాత్రి నేను నీ పక్కనే పడుకున్నా. నువ్వు గురకపెట్టావు. అంతకుముందు నీ గురక నేనెప్పుడూ వినలేదు. అది వింటూ వింటూ నేనూ నిద్రపోయా' అంది."

గది బయట ఎవరో దీపస్తంభాన్ని ఈడుస్తున్నారు. పిల్‌నామ్ ముక్కు తుడుచుకుని, "గురకపెట్టాననే సంగతి ఇన్నేళ్ళకు తెలిసింది నాకు," అని నవ్వింది.

మ్యోంగ్‌రాన్ చెయ్యి కోటు జేబులోకి వెళ్ళింది. అది వెళ్ళిన సంగతి కలం వేళ్ళకు తగిలాక గానీ ఆమెకు తెలియలేదు. కలం బయటికి తీసింది. మూత కూడా తీసింది. అక్కడ ఆగింది.

"అక్కా, ఇది రాసుకోనా?"

పిల్‌నామ్ ఆ కలాన్ని చూసింది. తర్వాత ఆమె ముఖం చూసింది. ఆలోచించింది. కోపంతో కాదు, అడిగిన మనిషికి జవాబు చెప్పాలి గనక ఆలోచించింది.

"నాదైతే రాసుకోమందును," అంది. "ఇది మా అమ్మాయిది."

"సరే అక్కా."

"చాంగ్‌వొన్ వెళ్ళి దాన్ని అడుగుతానని కూడా బయల్దేరకు."

"బయల్దేరను."

మ్యోంగ్‌రాన్ కలానికి మూత పెట్టింది. పిల్‌నామ్ ఇంకో దుంప పొయ్యి మీంచి తీసి, వేడికి ఈ చేతిలోంచి ఆ చేతిలోకి ఎగరేసి, రెండుగా విరిచి ఒక సగం ఆమెకిచ్చింది. దీపాలు సిద్ధమయ్యాయని బయట్నుంచి పిలిచేదాకా ఇద్దరూ తింటూ కూర్చున్నారు.